ఊడ్చిన వాకిలి

మా వరసలో ఎనిమిది ఇళ్ళున్నాయి. ఒక్కదానికీ ప్రహరీ గోడ లేదు. కొత్తగా వచ్చినవాళ్ళు మంచినీళ్ళు తాగకముందే ఆ సంగతి అడుగుతారు. పట్టా చేతికి రాగానే ఎవరైనా ముందు నాలుగు వైపులా గోడ పెట్టుకుంటారు. ఇల్లు తర్వాత నిదానంగా లేస్తుంది. మేము మాత్రం స్థలానికి వెనక సగంలో రెండేసి గదులు వేసుకుని, ముందు సగం అలాగే ఉంచాం. అడ్డం లేకపోవడంతో ఎనిమిది వాకిళ్ళూ కలిసి ఒకే పొడుగాటి జాగా అయింది.

ఆ పొడుగు మాకు కావాలి. మావి చేనేత ఇళ్ళు. మగ్గం ఎక్కించే ముందు నిలువు పోగులన్నిటినీ బారుగా చాచి, గంజి పెట్టి, పెద్ద కుంచెతో దువ్వి, ఎండకు ఆరనివ్వాలి. ఆ చాచిన పోగులే పడుగు. దానికి ఒక వీధంత చోటు కావాలి. మట్టెవాడలో అద్దెకు ఉన్న రోజుల్లో నిజంగా వీధిలోనే చాచేవాళ్ళు. పాలవాళ్ళు, ఆటోలవాళ్ళు, స్కూలు బస్సులవాళ్ళు అందరూ తిట్టేవాళ్ళు. నర్సంపేట రోడ్డు వైపు చేనేత కుటుంబాలకు ప్రభుత్వం ఇళ్ళ స్థలాలు ఇచ్చినప్పుడు, నా భర్త స్థలాన్ని వెడల్పుగా కాక ఈ చివర నుంచి ఆ చివరకు నడిచి చూసుకున్నాడు. తిరిగొచ్చి తక్కిన ఏడు ఇళ్ళవాళ్ళను కూర్చోబెట్టాడు. గోడలు వద్దనుకున్న మాట ఆ రోజుది. కాగితం మీద ఏమీ రాసుకోలేదు.

నాకు మగ్గం పని రాదు. సర్కారు బడిలో తెలుగు చెప్పి రిటైరయ్యాను. పుస్తకాల మధ్య గడిచిన మనిషిని. వరసలో మొదటి ఇల్లు మాది, పక్కది మా వదినెది, అంటే నా భర్త అక్కది. ఆమెకు మగ్గం వచ్చు, మాట వచ్చు, రెండూ ఒకే వేగంతో నడుస్తాయి.

మా కాలనీలో స్థలాలు ఎవరు ఎలా వాడుకుంటున్నారో చూడడానికి ఆఫీసరు వస్తున్నాడని ఒక రోజు ముందు కబురు వచ్చింది. కబురు చెవిన పడగానే వదినె చీపురు పట్టింది.

"ఏందే పిల్లా, గట్ల నిలవడ్డవు? ఆఫీసరు వస్తాండు. వాకిట్ల గీ గుంజలేంది, గీ తాళ్ళేంది, గా గంజి మరకలేంది? చూసినోడు ఏమనుకుంటడు? గీళ్ళకు జాగ ఇచ్చుడే దండుగ అనుకోడా?"

వరసలో ఆఖరి ఇంట్లో ఉండే పెద్దాయనను మేమందరం మామ అంటాం. ఆయన బయటికి వచ్చి నిలబడ్డాడు.

"గుంజలు గూడ పీకాల్నా బిడ్డా?"

"పీకు మామా. సారు కాలికి తాకి బొక్కబోర్ల పడ్డడనుకో, ఇండ్ల సంగతి తర్వాత, ముందుగాల మనల్ని ఠాణాకు తీస్కపోతరు."

ఎనిమిది ఇళ్ళూ కదిలాయి. పడుగు కట్టే గుంజలు పీకేశారు. తాళ్ళు చుట్టి అటక మీద పెట్టారు. ఎండి గట్టిపడ్డ గంజిని పారతో గీకారు. నేను కూడా వెదురు కర్రలు మోసి ఇంటి వెనక దాచాను. ఏళ్ళ తరబడి ఆ జాగాలో ఏం జరుగుతుందో చెప్పే ప్రతి గుర్తునూ మా చేతులతో మేమే తీసేశామని అప్పుడు ఎవరికీ తట్టలేదు. తెల్లారి అలుకు చల్లి, మొదటి వాకిలి నుంచి ఎనిమిదో వాకిలి దాకా వదినె ఒకటే ముగ్గు వేసింది. అంత పొడుగు ముగ్గు నేను మళ్ళీ చూడలేదు.

ఆఫీసరు వచ్చాడు. మర్యాదస్తుడు. ముగ్గు తొక్కకుండా పక్కనుంచి నడిచాడు. ఫోటోలు తీసుకున్నాడు. చాయ్ తాగాడు. "చాలా శుభ్రంగా పెట్టుకున్నారమ్మా" అన్నాడు. వదినె ఆ మాటను వారం రోజులు కాలనీ అంతా తిరిగి చెప్పింది.

నెల తిరక్కుండా ఆర్డరు వచ్చింది. కేటాయించిన స్థలంలో ముందు సగాన్ని ఈ ఎనిమిది మంది ఏ వినియోగమూ లేకుండా ఖాళీగా ఉంచారు కాబట్టి, ఆ భాగం కేటాయింపు రద్దు చేసి వేరే అర్హులకు ఇవ్వడమైనది. నేను చదివి వినిపించాను. రెండోసారి కూడా చదవమన్నారు. ఇంకో వారంలో సర్వేవాళ్ళు వచ్చి మా గుమ్మాలకు పది అడుగుల దూరంలో వరసగా హద్దురాళ్ళు పాతి వెళ్ళారు.

వదినె అరుగు మీద కూలబడింది. "నా చేతులు ఇరిగిపోను. నేను ఊడ్వకుంటే గిదంత కాకపోవు గదరా తమ్మీ!"

నా భర్త ఆర్డరుకు జతపరిచిన ఫోటోను వెలుతురుకు పెట్టి చూస్తున్నాడు. "అది సరే గని అక్కా, నీ ముగ్గు మాత్రం మస్తు పడ్డదే ఫోటోల."

ఆమె చీపురు విసిరింది. అది ఆయనకు తగల్లేదు. ఆయన నవ్వుతూనే ఉన్నాడు. ఆ పొద్దుటి నవ్వు నాకు బాగా గుర్తుంది. మిగతావాళ్ళు కూడా నవ్వారు, భయపడుతూనే. ఆ జాగా పోతే ఎనిమిది ఇళ్ళలో మగ్గాలు ఆగుతాయి. వాళ్ళలో ఎక్కువమందికి వేరే పని రాదు. అది అందరికీ తెలుసు.

ఒక మాట చెప్పాలి. మా జాగా ఎవరికి ఇస్తామన్నారో వాళ్ళూ ఇల్లు లేనివాళ్ళే. వాళ్ళతో మాకు తగాదా లేదు. రోడ్డు అవతల ప్రభుత్వ భూమి పడి ఉంది, వాళ్ళకు అక్కడ ఇవ్వొచ్చు కదా అని మొదటి నుంచీ చెబుతూ వచ్చాం.

నా దగ్గర ఎనిమిదో తరగతి చదువుకున్న అమ్మాయి, నర్సంపేట దగ్గర పత్తి రైతు కూతురు, హైకోర్టులో వకీలుగా ఉంది. ఫోన్ చేశాను. ఆమె కాగితాలన్నీ తెప్పించుకుని చదివి, "టీచర్, మీకు ముందు నోటీసు ఏమైనా ఇచ్చారా? మీ జవాబు అడిగారా?" అంది. లేదన్నాను. "అయితే వేద్దాం" అంది. ఎనిమిది మంది పేర్లతో రిట్ పిటిషన్ పడింది. మొదటి పేరు నా భర్తది. తేలేదాకా ఉన్నది ఉన్నట్టు ఉంచాలని కోర్టు చెప్పింది. అంటే మేము గోడ కట్టకూడదు, వాళ్ళు ఆ జాగా ఎవరికీ అప్పగించకూడదు.

గోడ కట్టే ఆలోచన మాకెప్పుడూ లేదు. మర్నాటి నుంచే పడుగు మళ్ళీ చాచారు. మా ఇంటి ముందు ఒక గుంజ వదులై ఊగుతుంటే నా భర్త దాన్ని పీకేసి, తాడును పక్కనున్న హద్దురాయికి కట్టాడు. రాయి కదల్లేదు.

"సర్కారోళ్ళు ఏదన్న పాతితే గింత గట్టిగ పాతుతరని ఎవలకెరుక?" అన్నాడు మామ.

ఆ రోజు నుంచి రోజూ పొద్దున ఆ రాయికి తాడు కట్టడం నా భర్త పని. ఆయనదొక ముడి ఉండేది. పడుగు బరువు పడేకొద్దీ బిగుసుకునేది, విప్పాలనుకుంటే ఒక్క లాగుకు వచ్చేది.

కేసు పడ్డ రెండో ఏడు ఆయన పోయాడు. గుండె జబ్బు. దవాఖానలో మూడు రోజులు ఉండి పోయాడు. కుంచె చేతిలో ఉండగానే పోయాడని కాలనీలో కొందరు చెబుతారు. అలా చెప్పుకుంటే వినడానికి బాగుంటుంది. నాకు మాత్రం నిజం చాలు. అందుకే విన్నప్పుడల్లా సరిదిద్దుతాను.

కొన్నాళ్ళకు వకీలమ్మ ఫోన్ చేసింది. చాలాసేపు వేరే మాటలు మాట్లాడి, చివరకు చెప్పింది. మొదటి పిటిషనర్ లేడు కాబట్టి ఆయన స్థానంలో వారసురాలిగా నా పేరు చేర్చాలట. కాగితం పంపింది. సంతకం పెట్టాను. ఆయన పేరు ముందు 'లేట్' అని ఒక మాట చేరింది. పక్కన నా పేరు. పెళ్ళి కార్డు తర్వాత మా ఇద్దరి పేర్లూ అచ్చులో పక్కపక్కన పడడం అదే రెండోసారి. దాని నకలు ఒకటి నా దగ్గర ఉంచుకున్నాను.

కేసు ఆఖరి వాదనకు వచ్చిన రోజు వదినె, మామ, నేను పొద్దుటి రైలెక్కాం. వదినె స్టీలు డబ్బా నిండా సర్వపిండి చేసింది. జనగామ దాటకముందే బోగీలో సగం మందికి పంచిపెట్టి, ప్రతివాళ్ళకూ కేసు చెప్పింది. చెప్పిన ప్రతిసారీ ఆఫీసరు ఇంకొంచెం లావయ్యాడు.

"వదినె, వకీలమ్మకు కూడా కొంచెం ఉంచండి" అన్నాను.

"జడ్జి సారుకు గూడ తీసి పెట్టిన, నువ్వు ఫికర్ చెయ్యకు."

"అయ్యో, అట్లా ఇవ్వకూడదు వదినె!"

"ఇయ్యనులే. ఆకలైతే అడుగుతడేమో అని."

కోర్టు హాల్లో వెనక బెంచీలో కూర్చున్నాం. వాదనలు ఇంగ్లీషులో సాగాయి. నాకు కొంత అర్థమవుతోంది. వాళ్ళిద్దరికీ ఏమీ అర్థం కావడం లేదు. మామ చేతులు కట్టుకుని గుళ్ళో కూర్చున్నట్టు కూర్చున్నాడు. ప్రభుత్వం తరఫు వకీలు ఫోటోలు పైకి అందించాడు. నేల నున్నగా ఉంది, ఒక్క కట్టడం లేదు, ఒక్క వస్తువు లేదు, ఇంతకంటే ఖాళీ స్థలం ఎక్కడుంటుంది అన్నాడు. ఆ ఫోటోలు చూస్తే నాకూ అలాగే అనిపించింది. అంత బాగా ఊడ్చాం.

జడ్జిగారు ఫోటోను కళ్ళద్దాల దగ్గరికి తెచ్చుకుని చాలాసేపు చూశారు. తర్వాత ఇంగ్లీషులోనే ఏదో అడిగారు. అందులో ఒక్క మాట తెలుగుది, ముగ్గు. స్థలం ఎవరూ వాడనిదైతే ఇంత ముగ్గు ఎవరు వేశారు, ఎందుకు వేశారు అన్నది ఆయన ప్రశ్న.

నేను చెయ్యి పట్టుకునేలోపే వదినె లేచింది.

"నేనే సారూ. నేనే ఏసిన."

హాలంతా వెనక్కి తిరిగింది. ద్వారం దగ్గరి బంట్రోతు పరుగున వచ్చాడు. జడ్జిగారు అతన్ని ఆగమన్నట్టు చెయ్యి చూపించి, తెలుగులో అడిగారు.

"ఎందుకు వేశారమ్మా?"

"ఆఫీసరు సారు వస్తాండని ఏసిన సారూ. ఇంటికి పెద్దమనిషి వస్తే వాకిలి గట్లనే ఉంచుతమా? ముందు రోజు దాంక గాడ పడుగే ఉండె. గుంజలు పీకినం, గంజి గీకినం. మా మరదలు టీచరమ్మ గూడ కట్టెలు మోసింది, అడగుండ్రి కావల్నంటే."

అందరి కళ్ళూ నా మీదికి తిరిగాయి. నేను తలూపాను. ఎక్కడో ఒక నవ్వు మొదలై ముందు వరసల దాకా పాకింది. ప్రభుత్వం తరఫు వకీలు కూడా కాగితాలు సర్దుకుంటూ తల దించుకుని నవ్వాడు. మా వకీలమ్మ నవ్వలేదు. ఆ నవ్వు సద్దుమణిగేదాకా ఆగి, సరిగ్గా అప్పుడు తన మాట చెప్పింది. ముందుగా నోటీసు ఇచ్చి ఒక్క ప్రశ్న అడిగి ఉంటే ఇప్పుడు విన్న జవాబు అప్పుడే వినేవాళ్ళు అంది.

ఆ రోజే తీర్పు చెప్పారు. వాళ్ళ మాట వినకుండా చేసిన రద్దు చెల్లదు. ముందుగా నోటీసు ఇచ్చి, వాళ్ళు పనిచేసుకునే రోజున, వాళ్ళ సమక్షంలో మళ్ళీ చూసి, అప్పుడు నిర్ణయం తీసుకోండి. లేవబోతూ జడ్జిగారు వదినె వైపు చూసి, "ఈసారి ఊడ్వకండి" అన్నారు. ఆ మాట తీర్పులో లేదు. కానీ మేము ఇంటికి తెచ్చుకున్నది అదే.

గెలిచామా లేదా అని రైల్లో మామ మూడుసార్లు అడిగాడు. సగం గెలిచామని చెప్పాను. మిగతా సగం వాకిట్లో ఉందన్నాను.

రెండో తనిఖీకి వారం ముందు నోటీసు వచ్చింది. వదినెకు ఆ వారం కోర్టు కంటే కష్టమైంది. రోజుకు నాలుగుసార్లు చీపురు పట్టుకుని గుమ్మం దాకా వచ్చి ఆగిపోయేది. చివరకు ఆమె చీపురు తీసుకెళ్ళి మా ఇంట్లో బీరువా వెనక పెట్టాను.

"చీపురు ఇయ్యే పిల్లా, ఇజ్జత్ పోతాంది."

"జడ్జిగారు వద్దన్నారు వదినె."

"బయట వద్దన్నడు. ఇంట్ల గూడ వద్దన్నడా?"

"ఇంట్లో ఊడ్చుకుని తిరిగి తెచ్చిస్తారా మరి?"

ఆమె నా మొహం చూసి, "టీచరమ్మవు కాదు, జైలరువు" అని వెళ్ళిపోయింది.

తనిఖీ నాడు పొద్దున్నే ఎనిమిది వాకిళ్ళ మీదుగా పడుగు చాచారు. కత్తెరల్లా కట్టిన వెదురు కర్రల మీద, నడుము ఎత్తున, ఈ చివర నుంచి ఆ చివర దాకా తెల్లటి పోగులు. రెండు పక్కలా మనుషులు. కుంచెలు నడుస్తున్నాయి. గంజి కింద కారుతోంది. నేల మీద నిన్నటి మరకలు, మొన్నటి మరకలు, తెగిన పోగు ముక్కలు, ఉప్మా తిన్న ఆకులు. నా భర్త రాయికి కట్టే తాడును ఆయన పోయినప్పటి నుంచీ మామే కడుతున్నాడు.

కొత్త తహసీల్దారు ఇద్దరు సర్వేవాళ్ళతో జీపు దిగాడు. వాకిలి అవతలికి వెళ్ళాలంటే దారి లేదు.

"వంగు సారూ. ఇంకా జర వంగు" అంది వదినె.

ఆయన వంగి పోగుల కింద నుంచి దాటుతుంటే మెడలో వేలాడే గుర్తింపు కార్డు ఒక పోగుకు పట్టుకుంది. పోగు తెగింది. ఆయన అలాగే వంగి, కదలకుండా నిలబడిపోయాడు. వదినె వచ్చి కార్డు విడిపించి, తెగిన రెండు కొసలనూ వేళ్ళ మధ్య ఒక్క మెలి తిప్పి వదిలింది. ఎక్కడ తెగిందో నాకైతే కనబడలేదు.

"సారీ అమ్మా" అన్నాడాయన.

"ఏం కాదు సారూ. పొద్దటిసంది పది తెగినయి. నీది పదకొండోది."

సర్వేవాళ్ళు టేపు తీశారు. అడ్డంగా కొలవాలంటే పడుగు అడ్డం. "ఇది కొంచెం తీస్తే మా పని అయిపోతుంది" అన్నారు.

"గంజి ఆరేదాంక తీయరాదు" అన్నాడు మామ.

"ఎంతసేపు?"

మామ ఆకాశం వైపు చూశాడు. "మబ్బు పట్టకుంటే గంట. పడితే మీ నసీబు."

నులక మంచాలు వేశాం. ముగ్గురూ కూర్చున్నారు. సర్వపిండి పెట్టాం. చాయ్ ఇచ్చాం. ఆ గంటలో తహసీల్దారు కుంచె ఎందుకు అంత పెద్దదని అడిగాడు, గంజి దేనితో కాస్తారని అడిగాడు, గోడలు ఎందుకు లేవని అడిగాడు. ఆ చివరి ప్రశ్న సర్కారు మనిషి ఒక్కడైనా అడుగుతాడా అని మేము ఇన్నేళ్ళుగా ఎదురుచూశాం. ఎనిమిది మందీ ఒకేసారి జవాబు చెప్పారు. ఆయన చేతులెత్తి, ఒక్కరే చెప్పండన్నాడు. ఎవరూ ఆగలేదు.

పంచనామా రాయడానికి కూర్చుని ఆయన పెన్ను పట్టుకుని ఆలోచించాడు. "దీన్ని ఏమని రాయాలి?" అని నా వైపు చూశాడు. నేను తెలుగు టీచర్నని ఎవరో చెప్పి ఉంటారు.

"ఈ వాకిలి లేకపోతే ఈ ఎనిమిది ఇళ్ళలో మగ్గాలు నడవవు" అన్నాను.

"అంతేనా?"

"అంతే."

ఆయన అదే రాశాడు. వదినె మాత్రం తృప్తిపడలేదు. నేల ఇట్లా ఉన్నది జడ్జిగారి మాట మీదనే తప్ప తమకు శుభ్రం తెలియక కాదని కూడా రాయమంది. ఆయన రాస్తానన్నాడు. రాశాడో లేదో నేను చూడలేదు.

రద్దు ఉత్తర్వు విరమించుకున్నట్టు కాగితం వానలు మొదలయ్యాక వచ్చింది. రోడ్డు అవతలి భూమిలో కొత్తవాళ్ళకు స్థలాలు కొలుస్తున్నారని కూడా తెలిసింది. కాగితం చదివాక వదినె మా ఇంట్లోకి వెళ్ళి, బీరువా వెనక నుంచి తన చీపురు తీసుకుంది. మొదటి వాకిలి దగ్గర మొదలుపెట్టి ఎనిమిదో వాకిలి దాకా ఊడ్చింది. ఆమె నడుము ఎత్తుతుందేమో అని చూశాను. ఎత్తలేదు.

హద్దురాళ్ళు తీయడానికి మనుషులు వచ్చారు. గడ్డపారలతో ఒక్కోటి పెకిలిస్తుంటే మామ వెంటే నడిచాడు. మా ఇంటి ముందుకు రాగానే అడ్డం నిలబడ్డాడు.

"గీ ఒక్కటి ఉంచుండ్రి."

"ఇది సర్కారు రాయి తాతా."

"ఎరుకే. సర్కారుది గాబట్కే గట్టిగున్నది. మేము గుంజ పాతితే నెలకే ఊగుతది."

వాళ్ళు ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. పొద్దున్నుంచి పని చేసి అలిసిపోయి ఉన్నారు. ఆ రాయి అలాగే ఉంది.

మర్నాడు వాన తెరిపి ఇచ్చింది. పడుగు చాచే సమయానికి మామ ఇంకా రాలేదు. తాడు నేల మీద ఉంది. నేను పుస్తకం గూట్లో పెట్టి వెళ్ళి తాడు తీసుకున్నాను. అన్నేళ్ళు చూశాను కదా, వచ్చేస్తుందనుకున్నాను. రాయి చుట్టూ రెండు చుట్లు తిప్పి, కొసను కిందనుంచి తీసి ముడి వేశాను. అటు చివర వాళ్ళు లాగగానే ముడి జారింది. పడుగు మొత్తం ఒక్కసారి కిందికి వంగింది.

"ఎవలే గది? ఓ జైలరమ్మా! నిన్నెవలు ముట్టమన్నరు?" వదినె కుంచె పట్టుకునే పరుగెత్తుకు వచ్చింది. ముడి చూసింది. "మా తమ్ముడు గట్ల కాదు ఏసుడు. ముందుగాల ఎడమ దిక్కు తిప్పాలె. పట్టుకో."

కుంచె చంకలో పెట్టుకుని నా చేతుల మీద చేతులు పెట్టి తిప్పించింది. ఆమె వేళ్ళకు గంజి అంటి ఉంది. రెండోసారి కూడా జారింది. అటు చివర నుంచి నవ్వులు వినబడ్డాయి. మూడోసారి ఆమె చేతులు తీసేసింది. నేనే వేశాను. వాళ్ళు లాగారు. పోగులు నడుము ఎత్తుకు లేచి నిలబడ్డాయి.